పారిపోయినవాళ్లు రాసిన చరిత్ర: అమెరికా బానిస చట్టాలకు ఎదురు నిలిచినవాళ్లు

రాంజీ గోండు గురించి, కొమురం భీం గురించి మనం చిన్నప్పటి నుంచి వింటూనే ఉన్నాం. ఈసారి సముద్రాల అవతల, నూట డెబ్బై ఏళ్ల కిందట నడిచిన ఒక పోరాటం గురించి మన కాలేజీ పిల్లలతో మాట్లాడాలనుకున్నాం. అమెరికాలో బానిసత్వం ఎలా పోయిందని అడిగితే మనకు పాఠ్యపుస్తకాల్లోని ఒకే ఒక్క పేరు గుర్తొస్తుంది, అబ్రహాం లింకన్. ఆయన్ని తక్కువ చేయడం మా ఉద్దేశం కాదు. కానీ ఆయన అధ్యక్షుడు కాకముందే, ఎన్నో ఏళ్లుగా ఆ వ్యవస్థను గుల్ల చేస్తూ వచ్చినవాళ్లు వేరే ఉన్నారు. పారిపోయి వచ్చిన బానిసలు, అర్ధరాత్రి వాళ్లకు తలుపు తీసినవాళ్లు, వాళ్ల మాటను కాగితం మీద పెట్టినవాళ్లు. వీళ్లలో ఎక్కువమంది నల్లవాళ్లే. ఈ సంగతి పాఠ్యపుస్తకాల్లో అంతగా కనబడదు.

1787లో రాసుకున్న అమెరికా రాజ్యాంగంలో బానిస అనే మాట వెతికినా దొరకదు. దాని బదులు పనికి కట్టుబడి ఉన్న వ్యక్తి అని డొంకతిరుగుడుగా రాశారు. అలాంటి వ్యక్తి మరో రాష్ట్రానికి తప్పించుకుపోతే, అక్కడి చట్టం ఏం చెప్పినా సరే, వెనక్కి అప్పగించాల్సిందేనని అందులో ఒక నిబంధన పెట్టారు. దాన్ని అమలు చేయడానికి 1793లో ఒక చట్టం వచ్చింది. దాని మీద సంతకం పెట్టింది తొలి అధ్యక్షుడు జార్జ్ వాషింగ్టన్.

ఆ తర్వాత మూడేళ్లకు ఆయన సొంత ఇంట్లోంచే ఒక అమ్మాయి వెళ్లిపోయింది. పేరు ఒనా జడ్జ్. వాషింగ్టన్ భార్యకు బట్టలు కుట్టి, జడ వేసి, పక్కనే ఉండే పనిమనిషి. అప్పటి రాజధాని ఫిలడెల్ఫియా. ఆ రాష్ట్రంలో ఉన్న చట్టం ప్రకారం ఆరు నెలలు దాటి అక్కడ ఉంచిన బానిస స్వేచ్ఛ అడగొచ్చు. అందుకని వాషింగ్టన్ దంపతులు గడువు దాటకుండా తమ బానిసలను మధ్యమధ్యలో వర్జీనియాకు తిప్పుతూ ఉండేవారు. దేశానికి స్వేచ్ఛ తెచ్చిన మనిషి ఈ లెక్క ఎలా వేసుకున్నాడో అని మనకు అనిపించక మానదు. తనను పెళ్లి కానుకగా యజమానురాలి మనవరాలికి ఇచ్చేస్తారని ఒనాకు తెలిసింది. 1796 మే నెలలో ఒక సాయంత్రం ఇంటివాళ్లు భోజనం చేస్తుండగా ఆమె బయటికి నడిచి మళ్లీ రాలేదు. ఓడ ఎక్కి న్యూ హాంప్‌షైర్‌లోని పోర్ట్స్‌మత్‌కు చేరింది. పట్టిస్తే 10 డాలర్లు ఇస్తామని పత్రికలో ప్రకటన వేశారు. మనుషులను పంపి నచ్చజెప్పించారు, ఎత్తుకురమ్మని చూశారు. ఆమె దొరకలేదు. పేదరికంలోనే బతికింది, చదువు నేర్చుకుంది, 1848లో పోయింది. అప్పటికీ చట్టం దృష్టిలో ఆమె బానిసే. తనను తెచ్చిన ఓడ కెప్టెన్ పేరును మాత్రం అతను చనిపోయేదాకా ఎవరికీ చెప్పలేదు.

ఈ ప్రకటనల గురించి ఇంకొంచెం చెప్పాలి. బానిస పారిపోతే యజమాని పత్రికలో గుర్తులు వేయించేవాడు. ఎత్తు, రంగు, ఒంటి మీద మచ్చలు, వీపు మీద కొరడా వాతలు, చెంప మీద కాల్చిన అక్షరం, కోసిన చెవి, కాలికున్న ఇనుప గొలుసు. మనిషిని పట్టుకోవడానికి వేసిన ఆ గుర్తులే యజమాని చేసిన హింసకు సాక్ష్యం అయ్యాయి. దీన్ని కనిపెట్టి వాడుకున్నది ఏంజెలినా, సారా గ్రిమ్కే అనే అక్కాచెల్లెళ్లు, ఏంజెలినా భర్త థియోడర్ వెల్డ్. ఈ అక్కాచెల్లెళ్లు దక్షిణ కరోలినాలో బానిసలున్న పెద్ద కుటుంబంలో పుట్టి, అది భరించలేక ఉత్తరానికి వచ్చేసినవాళ్లు. దక్షిణాది పత్రికలను వేల సంఖ్యలో ఇంట్లో ముందేసుకుని నెలల తరబడి కత్తిరించారు. 1839లో అచ్చయిన వాళ్ల పుస్తకంలో తిట్లు తక్కువ, యజమానులు తమ చేత్తో రాసి, తమ డబ్బుతో అచ్చు వేయించుకున్న ముక్కలు ఎక్కువ. అబద్ధం అనడానికి వీల్లేదు కదా!

అంతకు పదేళ్ల ముందే, 1829లో, బోస్టన్‌లో పాత బట్టల దుకాణం నడుపుకునే డేవిడ్ వాకర్ అనే నల్లజాతి వ్యక్తి ఒక చిన్న పుస్తకం వేశాడు. లోకంలోని నల్లజాతి పౌరులందరికీ విన్నపం అన్నట్టు దాని పేరు. పేరులో విన్నపమే గానీ లోపల ఉన్నది నిప్పు. ఓడల్లో పనిచేసే కళాసీల కోట్ల అస్తర్ల లోపల కుట్టి దాన్ని దక్షిణాది రేవులకు పంపేవాడని చెబుతారు. అక్కడి ప్రభుత్వాలు హడలిపోయి, అలాంటి రాతలు పంచినవాళ్లకు కఠిన శిక్షలు పెట్టాయి, బానిసలకు చదువు నేర్పడాన్ని నేరం చేస్తూ కొత్త చట్టాలు తెచ్చాయి. 1831లో తెల్లవాడైన విలియం లాయిడ్ గారిసన్ బోస్టన్ నుంచి లిబరేటర్ అనే వారపత్రిక మొదలుపెట్టాడు. ముప్పై అయిదేళ్లు ఆగకుండా నడిచింది. దాన్ని తొలి రోజుల్లో బతికించిన చందాదారుల్లో ఎక్కువమంది నల్లజాతివారే.

ఇక ఫ్రెడరిక్ డగ్లస్. 1838లో మేరీలాండ్ నుంచి పారిపోయి వచ్చాడు. సభల్లో అతని ఇంగ్లీషు విని, ఇంత బాగా మాట్లాడేవాడు బానిస అయి ఉండడని కొందరు గొణిగారు. అప్పుడు అతను 1845లో తన జీవితకథ రాసి, యజమానుల పేర్లు, ఊర్ల పేర్లు అన్నీ పెట్టేశాడు. అంటే తాను ఎవరి సొత్తో, ఎక్కడివాడో లోకానికి తానే చెప్పుకున్నాడు. నిజం నిరూపించుకోవడానికి కట్టిన ధర అది. పుస్తకం బయటికొచ్చాక పట్టుకుపోతారనే భయంతో ఇంగ్లండ్ వెళ్లి రెండేళ్ల దాకా ఉండాల్సి వచ్చింది. అక్కడి స్నేహితులు చందాలు పోగుచేసి యజమానికి సొమ్ము కట్టి విడుదల పత్రం తెచ్చారు.

అదే పుస్తకంలో ఒక్కటి మాత్రం రాయలేదు. తాను ఎలా పారిపోయాడో చెప్పలేదు. ఆ దారి చెబితే వెనక వచ్చేవాళ్లకు తలుపు మూసినట్టే అవుతుందని అతని లెక్క. గొప్పగా ఆ రహస్యాలు ప్రచారం చేసే మిత్రులను అతను మందలించాడు కూడా. ఒక నావికుడి గుర్తింపు కాగితాలు అరువు తీసుకుని, ఆ వేషంలో రైలెక్కి వచ్చానని పూర్తిగా చెప్పింది 1881లో, బానిసత్వం పోయిన పదహారేళ్లకు. మనలో పెద్దవాళ్ల దగ్గర కథలు, పాటలు రికార్డు చేస్తున్న పిల్లలు ఈ సంగతి గట్టిగా పట్టుకోవాలని మా మాట. ఏది ఎప్పుడు బయటపెట్టాలో తేల్చుకునే హక్కు ఆ కథ ఎవరిదో వాళ్లదే.

ఉత్తర రాష్ట్రాలు కొన్ని 1793 చట్టానికి సహకరించకుండా తమ సొంత చట్టాలు చేసుకోవడంతో దక్షిణాది యజమానులు మరింత గట్టి చట్టం కావాలని పట్టుబట్టారు. 1850 సెప్టెంబర్ 18న అధ్యక్షుడు మిలార్డ్ ఫిల్‌మోర్ సంతకంతో అది వచ్చింది. అందులో ఏముందో చూడండి. ఫలానా మనిషి నా బానిస అని యజమాని గానీ అతని మనిషి గానీ ప్రమాణపత్రం తెస్తే చాలు. పట్టుబడిన మనిషి తన గురించి తాను సాక్ష్యం చెప్పకూడదు. జ్యూరీ లేదు. తీర్పు చెప్పేది కమిషనర్ అనే అధికారి. బానిసే అని తేల్చి అప్పగిస్తే అతనికి 10 డాలర్ల ఫీజు, కాదని విడిచిపెడితే 5 డాలర్లు. కాగితాల పని ఎక్కువ కాబట్టి ఆ తేడా అని సర్ది చెప్పారు! పారిపోయినవాళ్లకు ఆశ్రయం ఇస్తే, అడ్డుపడితే 1,000 డాలర్ల దాకా జరిమానా, ఆరు నెలల దాకా జైలు. అన్నిటికన్నా మించింది ఇంకోటి: మార్షల్ పిలిస్తే ప్రతి పౌరుడూ వచ్చి పట్టుకోవడంలో సాయం చేయాలి. ఇంతకాలం బానిసత్వం మా ఊళ్లో లేదులే అని తలుపేసుకుని కూర్చున్న మనిషిని కూడా ఈ చట్టం వీధిలోకి లాగి, చేతికి సంకెళ్లిచ్చి వేటగాణ్ని చేసింది.

పోలీసులకు చెప్పకుండా ఊరు దాటడమే నేరమైన క్రిమినల్ ట్రైబ్స్ చట్టం కింద బతికిన ముత్తాతల పిల్లలు మనలో ఉన్నారు. ఈ రెండు చట్టాలూ ఒకటే అని మేం అనడం లేదు. కానీ పుట్టుకతోనే మనిషిని నిందితుణ్ని చేసి, అతని నోటి మాట చెల్లదని రాసుకునే చట్టం ఎలా ఉంటుందో మనకు ఎవరూ ప్రత్యేకంగా వివరించనక్కర్లేదు.

చట్టం వచ్చిన కొద్ది రోజులకే న్యూయార్క్‌లో జేమ్స్ హామ్లెట్ అనే వ్యక్తిని భార్యాపిల్లలకు కూడా తెలియకుండా పట్టుకుపోయారు. అతని సంఘంవాళ్లు చందాలు వేసుకుని 800 డాలర్లు కట్టి వెనక్కి తెచ్చుకున్నారు. ఉత్తరాదిలో ఏళ్లుగా సంసారాలు చేసుకుంటున్నవాళ్లు వేల మంది మూటాముల్లె సర్దుకుని కెనడా దారి పట్టారు. అక్కడ బ్రిటిష్ పాలనలో బానిసత్వం అప్పటికే రద్దయింది. అలా వెళ్లినవాళ్లలో హెన్రీ బిబ్ 1851 జనవరి 1న పారిపోయినవాడి గొంతు అనే అర్థం వచ్చే పేరుతో పత్రిక పెట్టాడు. రెండేళ్లకు మేరీ ఆన్ షాడ్ అనే టీచరు ప్రొవిన్షియల్ ఫ్రీమన్ పత్రిక మొదలుపెట్టింది. ఆ ఖండంలో పత్రిక నడిపిన తొలి నల్లజాతి మహిళ ఆమే. హారియట్ టబ్‌మన్ కూడా ఇకపై తన వాళ్లను కెనడా దాకా నడిపించింది. ఆమెకు చదవడం రాయడం రాదు. సుమారు పదమూడు సార్లు దక్షిణానికి వెనక్కి వెళ్లి, డెబ్బై మంది దాకా విడిపించుకొచ్చింది, ఒక్కరూ పట్టుబడలేదు.

వెళ్లనివాళ్లు నిలబడ్డారు. 1851 ఫిబ్రవరిలో బోస్టన్‌లో హోటల్ సర్వరుగా పనిచేస్తున్న షాడ్రాక్ మింకిన్స్‌ను పట్టుకుని కోర్టులో కూర్చోబెట్టారు. లూయిస్ హేడెన్ ముందుండగా నల్లజాతి జనం ఒక్కసారిగా కోర్టు గదిలోకి చొరబడి అతన్ని ఎత్తుకుని బయటపడ్డారు. కొద్దిరోజుల్లో అతను మాంట్రియల్ చేరాడు. ఏప్రిల్‌లో థామస్ సిమ్స్ వంతు వచ్చింది. ఈసారి ప్రభుత్వం జాగ్రత్తపడి కోర్టు చుట్టూ గొలుసులు కట్టింది. సిమ్స్‌ను ఆపలేకపోయారు. జార్జియాలో అతన్ని అందరి ముందూ కొరడాతో కొట్టారు. ఆ నెలలోనే బోస్టన్ గోడల మీద ఒక పోస్టరు వెలిసింది. పట్టణంలోని పోలీసులతో మాట్లాడకండి, వాళ్లే ఇప్పుడు వేటగాళ్లు అని నల్లజాతివారికి హెచ్చరిక. అది కూడా ఆ కాలపు సాహిత్యమే అని మేం అనుకుంటాం.

అన్నిటికన్నా మేం ఎక్కువసేపు ఆగాలనుకునేది పెన్సిల్వేనియాలోని క్రిస్టియానా అనే చిన్న ఊరి దగ్గర. అక్కడ విలియం పార్కర్, అతని భార్య ఎలైజా ఉండేవారు, ఇద్దరూ బానిసత్వం నుంచి తప్పించుకుని వచ్చినవాళ్లే. కిడ్నాపర్లు చుట్టుపక్కల ఇళ్ల మీద పడి మనుషులను ఎత్తుకుపోతుంటే పార్కర్ తన వాళ్లను కూడగట్టి ఒక రక్షణ దళం ఏర్పాటు చేసుకున్నాడు. 1851 సెప్టెంబర్ 11 తెల్లవారుజామున మేరీలాండ్ రైతు ఎడ్వర్డ్ గోర్సచ్ తన కొడుకుతో, బంధువులతో, ప్రభుత్వ అధికారితో ఆ ఇంటి ముందు దిగాడు. తన దగ్గర నుంచి వెళ్లిపోయినవాళ్లు లోపల ఉన్నారని అతనికి కబురు అందింది. అతను వస్తున్నాడన్న కబురు మాత్రం అతనికన్నా ముందే పార్కర్‌కు చేరింది. ఫిలడెల్ఫియాలోని నల్లజాతి సంఘం మనిషిని పంపింది.

గోర్సచ్ తన సొత్తు తనకిమ్మన్నాడు. పార్కర్ మెట్ల మీద నిలబడి ఇవ్వనన్నాడు. ఎలైజా మేడ మీది కిటికీలోంచి కొమ్ము ఊదింది. ఆపద వస్తే ఊదాలని ముందే అనుకున్న గుర్తు అది. కింద నుంచి ఆమె మీద కాల్పులు జరిపారు. రాతి గోడ చాటున కూర్చుని ఆమె ఊదుతూనే ఉంది. పొలాల్లోంచి, ఇళ్లలోంచి జనం తుపాకులతో, కొడవళ్లతో పరుగెత్తి వచ్చారు. మొగ్గు మారిపోయింది. గోర్సచ్ అక్కడే చనిపోయాడు, కొడుక్కి తీవ్ర గాయాలయ్యాయి. గుర్రం మీద వచ్చిన పొరుగు తెల్లవాడు, పిండిమర యజమాని కాస్ట్‌నర్ హాన్‌వేను అధికారి సాయం చేయమని చట్టం పేరు చెప్పి ఆజ్ఞాపించాడు. అతను చేయనన్నాడు. చేసింది అంతే.

ఆ ఒక్క నిరాకరణకు ప్రభుత్వం అతని మీద దేశద్రోహం కేసు పెట్టింది. మొత్తం 38 మంది మీద అదే నేరం. విచారణ ఎక్కడ జరిగిందో తెలుసా? ఫిలడెల్ఫియాలో స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకాలు జరిగిన భవనంలోనే, పై అంతస్తులో. బానిసను పట్టుకోవడానికి సాయం చేయకపోతే దేశం మీద యుద్ధం చేసినట్టు ఎలా అవుతుందో ప్రభుత్వ వకీళ్లు చెప్పలేకపోయారు. జ్యూరీ పావుగంటలో హాన్‌వే నిర్దోషి అని తేల్చింది. మిగతావాళ్ల మీద కేసులు నీరుగారిపోయాయి. పార్కర్ అప్పటికే రోచెస్టర్‌లో డగ్లస్ ఇల్లు చేరి, అతని సాయంతో పడవెక్కి కెనడా వెళ్లిపోయాడు. వెళుతూ గోర్సచ్ చేతిలోంచి పడిన రివాల్వర్‌ను డగ్లస్‌కు ఇచ్చాడు. పదిహేనేళ్ల తర్వాత, 1866లో, అట్లాంటిక్ మంత్లీ పత్రికలో ఈ కథంతా పార్కర్ పేరు మీదే అచ్చయింది. ఎలైజా కొమ్ము గురించి మనకు ఇంత వివరంగా తెలిసింది అందువల్లే.

ఆంథనీ బర్న్స్ కథ దీనికి పూర్తిగా వేరు. 1854 మేలో బోస్టన్‌లో అతను దొరికాడు. జనం దుంగలతో కోర్టు తలుపు పగలగొట్టారు, గొడవలో ఒక కాపలావాడు చనిపోయాడు, బర్న్స్ మాత్రం బయటపడలేదు. జూన్ 2న అతన్ని సైన్యం, ఫిరంగి కాపలాతో ఓడ దాకా నడిపించారు. దారి పొడవునా వేలాది జనం. దుకాణాలకు నల్ల గుడ్డలు కట్టారు, స్వేచ్ఛ అని రాసిన శవపేటికను వీధికి అడ్డంగా వేలాడదీశారు. ఒక్క మనిషిని వెనక్కి పంపడానికి ఇంత బలగమా అని, అంతదాకా పట్టించుకోని వ్యాపారులు కూడా ఆలోచనలో పడ్డారు. ఆ జూలై 4న ఒక సభలో గారిసన్ ఆ చట్టం ప్రతిని, రాజ్యాంగం ప్రతిని అందరి ముందూ కాల్చేశాడు. అదే వేదిక మీద హెన్రీ డేవిడ్ థోరో మాట్లాడాడు. గాంధీజీ మెచ్చుకుని చదివిన థోరో ఇతనే. మర్నాటి ఏడు మసాచుసెట్స్ రాష్ట్రం ఆ చట్టం నడవకుండా సొంత చట్టం చేసుకుంది. బర్న్స్‌ను నల్లజాతి పాస్టర్ లెనార్డ్ గ్రైమ్స్ 1,300 డాలర్లు పోగుచేసి విడిపించాడు. అతను చదువుకుని, కెనడాలో పాస్టర్ అయ్యి, 1862లో చిన్న వయసులోనే పోయాడు.

హారియట్ బీచర్ స్టోవ్ రాసిన టామ్ మామ ఇల్లు నవల గురించి మీరు వినే ఉంటారు. 1850 చట్టం మీద కోపంతో మొదలై, 1852లో పుస్తకంగా వచ్చి, ఏడాదిలో అమెరికాలోనే 3 లక్షల ప్రతులు అమ్ముడైంది. అది కదిలించినంత మందిని మరే పుస్తకమూ కదిలించలేదేమో. అయినా అది బయటి మనిషి జాలితో చెప్పిన కథ. మాకు ఇష్టమైన పుస్తకం వేరే ఉంది, విలియం స్టిల్‌ది. ఫిలడెల్ఫియాలో పారిపోయి వచ్చినవాళ్లను అందుకునే ఆఫీసులో అతను గుమాస్తా. వచ్చిన ప్రతి మనిషినీ కూర్చోబెట్టి అసలు పేరు, కొత్త పేరు, ఎక్కడినుంచి వచ్చారు, ఎవరిని విడిచి వచ్చారు అన్నీ రాసుకునేవాడు. 1850లో ఒక నడివయసు మనిషి చిన్నప్పుడు విడిపోయిన అమ్మానాన్నలను వెతుక్కుంటూ వచ్చి వివరాలు చెబుతుంటే, రాస్తున్న స్టిల్ చెయ్యి ఆగిపోయింది. ఎదురుగా ఉన్నది తాను ఎన్నడూ చూడని సొంత అన్న పీటర్. విడిపోయిన కుటుంబాలు మళ్లీ కలవాలంటే ఈ కాగితాలు ఉండాలని అతనికి అప్పుడే గట్టిగా తెలిసింది. దొరికితే జైలు. అయినా వాటిని శ్మశానంలోని ఒక భవనంలో దాచిపెట్టి, 1872లో పెద్ద పుస్తకంగా అచ్చు వేశాడు.

1860 డిసెంబర్‌లో దక్షిణ కరోలినా దేశం నుంచి విడిపోతూ చేసిన ప్రకటనలో ఉత్తర రాష్ట్రాలు పారిపోయినవాళ్లను అప్పగించడం లేదన్నది ప్రధాన ఫిర్యాదు. కొమ్ము ఊదినవాళ్లు, తలుపు తీసినవాళ్లు, రాసినవాళ్లు ఎంత పని చేశారో యజమానుల నోటి నుంచే వచ్చిందన్నమాట. 1861లో ప్రమాణ స్వీకారం చేస్తూ లింకన్ కూడా ఆ రాజ్యాంగ నిబంధనను పాటిస్తామనే చెప్పాడు. యుద్ధం మొదలైన కొన్ని వారాలకే ముగ్గురు బానిసలు పడవలో వర్జీనియాలోని మన్రో కోటకు చేరి తలుపు తట్టారు. అక్కడి సేనాని వెనక్కి ఇవ్వనన్నాడు. ఆ తర్వాత పారిపోయి వచ్చినవాళ్ల వరదను ఎవరూ ఆపలేకపోయారు. 1864 జూన్ 28న ఆ చట్టాలను రద్దు చేశారు. 1865 చివరికి రాజ్యాంగ సవరణతో బానిసత్వమే చట్టవిరుద్ధమైంది. ఎనిమిదేళ్లకు, 1873లో, పుణెలో మహాత్మా జోతిరావు ఫూలే తన గులాంగిరి పుస్తకాన్ని బానిసత్వాన్ని తొలగించిన అమెరికా ప్రజలకే అంకితమిచ్చారు. ఆ కబురు ఇక్కడిదాకా వచ్చిందన్నమాట.

ఇంకొక్క మనిషి గురించి చెప్పాలి. హారియట్ జేకబ్స్ ఉత్తర కరోలినాలోని ఈడెన్‌టన్‌లో యజమాని వేధింపుల నుంచి తప్పించుకుని, అమ్మమ్మ ఇంటి పైకప్పు కింద తొమ్మిదడుగుల పొడవు, ఏడడుగుల వెడల్పు, మూడడుగుల ఎత్తున్న సందులో దాదాపు ఏడేళ్లు దాక్కుంది. లేచి నిలబడే వీలు లేదు. చెక్కలో చేసుకున్న చిన్న రంధ్రం లోంచి కింద ఆడుకునే సొంత పిల్లలను చూసేది. అక్కడి నుంచే ఉత్తరాలు రాసి, నమ్మకమైన మనుషుల చేత న్యూయార్క్‌లో పోస్టు చేయించేది. ముద్ర చూసి యజమాని ఆమె కోసం ఉత్తరాదికి పోయి వెతికాడు! 1842లో తప్పించుకుని వెళ్లాక కూడా 1850 చట్టం ఆమెను వెంటాడింది. 1861లో తన కథను లిండా బ్రెంట్ అనే మారుపేరుతో అచ్చు వేసింది. పోయాక అందరూ మరిచారు. ఒక బానిస స్త్రీ ఇలా రాయగలదా అని, ఆ పుస్తకానికి సంపాదకత్వం చేసిన తెల్లజాతి రచయిత్రే దాన్ని కల్పించిందని పండితులు తేల్చేశారు. నూరేళ్లు దాటాక 1980లలో జీన్ ఫేగన్ యెలిన్ అనే పరిశోధకురాలు జేకబ్స్ చేతిరాత ఉత్తరాలు ముందేసుకుని, ప్రతి మనిషినీ, ప్రతి ఇంటినీ పాత రికార్డులతో సరిపోల్చి, ఇది ఆమె రాతే, ఇది జరిగిందే అని రుజువు చేసింది. 1987లో హార్వర్డ్ విశ్వవిద్యాలయం ప్రచురించిన ప్రతి మీద రచయిత్రిగా హారియట్ జేకబ్స్ పేరే ఉంది.